రేకు గొంతు

గైడు తన సంచిలోంచి రెండు చిన్న పెట్టెలు తీశాడు. అగ్గిపెట్టె కంటే కాస్త పెద్దవి. ఒక్కోదానికీ మెడలో వేసుకునే తాడు, చెవికి తగిలించుకునే కొక్కెం లాంటి స్పీకరు ఉన్నాయి. తన చొక్కా కాలరుకు చిన్న మైకు పెట్టుకున్నాడు.

"కెథడ్రల్ చర్చిలో గైడులు గట్టిగా మాట్లాడకూడదు. నేను ఇందులో గుసగుసగా చెబుతాను, మీకు చెవిలో వినిపిస్తుంది. నేను స్తంభం అవతల ఉన్నా వినిపిస్తుంది," అన్నాడు.

"ఉన్నది మేం ఇద్దరం, చంకలో పిల్లాడు. నువ్వు పక్కనే నడుస్తావు. మళ్లీ ఇదెందుకు నాయనా?" అంది అత్తయ్య.

"రూలమ్మగారూ. ఒక్కరొచ్చినా రూలే."

ఆ రూలు ప్రకారమే కాబోలు, మూసిన గొడుగొకటి ఎత్తి పట్టుకుని నడిచాడు, వెనకాల పెద్ద గుంపు వస్తున్నట్టు. చినుకు పడే సూచన లేదు. అత్తయ్య అప్పటికే ఆయనకు గొడుగాయన అని పేరు పెట్టేసింది.

కెథడ్రల్ మెట్ల మీద ఆగి ఆయన మైకులో ఏదో అన్నాడు. నాకు స్పష్టంగా వినిపించింది.

"వినిపిస్తోందా అమ్మగారూ?"

"ఏంటి?"

ఆయన వచ్చి అత్తయ్య పెట్టె పక్కనున్న చక్రాన్ని తిప్పాడు. "ఇప్పుడో?"

"దోమ పాడుతోంది."

చక్రాన్ని చివరిదాకా తిప్పేశాడు. "ఇప్పుడు?"

"ఆఁ. ఇప్పుడు మనిషిలా మాట్లాడుతున్నావు."

అత్తయ్యకు వినికిడి తగ్గిందని ఇంట్లో అందరికీ తెలుసు, ఆమెకు తప్ప. మేమంతా గొణుగుతున్నామని ఆమె కోపం.

"బాబుకో?" అని అడిగాను, అడగకుండా ఉండలేక.

"పిల్లలకివ్వనమ్మా. నోట్లో పెట్టుకుంటారు."

మా బుడంకాయ నా భుజం మీదుగా పావురాలను చూస్తున్నాడు. వాడికి మూడేళ్లు నిండబోతున్నాయి. ఇంతవరకూ ఒక్క మాట లేదు. 'అ' అంటాడు, 'బ్బ' అంటాడు, నవ్వుతాడు, నచ్చకపోతే గోడకు తిరిగి కూర్చుంటాడు. అమ్మా అని కూడా అనలేదు.

"మీ ఆయన నాలుగేళ్లదాకా నోరు విప్పలేదే. ఇప్పుడు మూయమన్నా మూస్తున్నాడా?" అని అత్తయ్య మొదట్లో తీసిపారేసేది. తర్వాత తర్వాత ఆమెకూ బెంగ పట్టుకుంది. కానీ ఆమె బెంగంతా వాడి నోటి గురించి. నా బెంగ వేరు. నేను వంటగదిలో వాడి వెనకాల నిలబడి పళ్లెం మీద గరిటెతో కొట్టి చూస్తాను. ఒకసారి తిరుగుతాడు. నా ప్రాణం లేచొస్తుంది. ఇంకోసారి తిరగడు. అప్పుడు మొదటిసారి ఎలా తిరిగాడా అని ఆలోచనలో పడతాను. నా నీడ చూశాడా, నేల అదిరితే తెలిసిందా, ఊరికే తిరిగాడా. నేను తొమ్మిదితో బడి మానేసినదాన్ని. ఇలాంటివి ఎలా తేల్చుకోవాలో నాకెవరూ చెప్పలేదు. మా ఆయన వ్యాను దిగి ఇంటికొచ్చేసరికి ఆ పళ్లెం మోతే ఎదురొచ్చేది.

"నువ్వు కొట్టి కొట్టి మా అందరికీ చెవుడు తెప్పించేలా ఉన్నావు. పిల్లాడికి లేనిపోనివి అంటగట్టకు," అనేవాడు.

డాక్టరుకు చూపిద్దామంటే ఆయన అత్తయ్య వైపు చూశాడు. అత్తయ్య అప్పటికే మొక్కేసుకుంది. రాజధానిలో పాత చర్చిలన్నీ పిల్లాడితో దర్శించి, చివర సంత వీధి చర్చిలో పునీతుడి స్వరూపం పక్కన రేకుతో చేసిన గొంతు బొమ్మ తగిలిస్తానని. ఆ పునీతుడు మాటరానివాళ్లకు మాటిస్తాడని ఆమె తల్లి చెప్పిందట. ఆ తల్లి ఇంకో మాట కూడా చెప్పింది. రేకు తగిలించాక ఏడాది పాటు ఆ జబ్బుకు మందూ మాకూ ఉండకూడదు, డాక్టరు గడప తొక్కకూడదు.

"ఒక కాలు ఆస్పత్రిలో, ఒక కాలు చర్చిలో పెడితే ఆయన మనల్ని ఎలా నమ్ముతాడు?" అని అత్తయ్య అంటే, మా ఆయన "సరేనమ్మా" అన్నాడు. మోకాళ్ల నొప్పితో ఆమె గుంపు వెంట పరుగెత్తలేదని మా వరకే ఈ గైడును కూడా ఆయనే మాట్లాడాడు.

అంటే సాయంత్రం ఆ రేకు మేకుకు ఎక్కిందంటే ఇంకో ఏడాది నేను పళ్లేలు కొట్టుకుంటూ కూర్చోవాలి. డాక్టరు దగ్గరికి వెళ్లాలని నాకు ఎంత ఉండేదో, వెళ్తే ఏం వినాలోనన్న భయం కూడా అంతే ఉండేది. ఆ రెండిటి మధ్యా నలుగుతూ కెథడ్రల్ గడప దాటాను.

లోపల చల్లగా ఉంది. మైనం వాసన, తడి రాయి వాసన. మా చెప్పుల చప్పుడు పైకెళ్లి గుండ్రంగా తిరిగి మళ్లీ మా మీదికే వస్తోంది. గైడు చెవిలో సన్నగా చెప్పుకుపోతున్నాడు. ఈ జ్ఞానస్నానపు తొట్టి ఒకే రాతిలో తొలిచినది, పాపాలు చెప్పుకునే ఈ పాపసంకీర్తన గది చెక్కడానికి తండ్రీ కొడుకులిద్దరి జీవితాలూ సరిపోయాయి, ఈ పీఠం వెనక బంగారు పూత అగ్నిప్రమాదంలో కరిగితే మళ్లీ పూశారు. నాకు ముక్కలు ముక్కలుగానే ఎక్కుతోంది. నా కళ్లు బుడంకాయ మీదే ఉన్నాయి. కిందికి దింపితే రంగు అద్దాలలోంచి నేల మీద పడిన ఎర్రటి వెలుగులో చెయ్యి పెట్టి, తీసి, మళ్లీ పెడుతున్నాడు.

గైడు ముచ్చటపడ్డాడు. "ఇంత బుద్ధిమంతుణ్ణి నేను చూడలేదమ్మా. ఇక్కడికొచ్చిన ప్రతి పిల్లాడూ ప్రతిధ్వని కోసం ఒక్క అరుపైనా అరుస్తాడు. వాళ్ల అడుగుల చప్పుడు వాళ్లకే వినిపించేసరికి ఊరుకోలేరు. ఫాదర్లు వచ్చి నన్ను తిడతారు."

"మా వంశంలో ఒక ఫాదర్ పుట్టాల్సి ఉంది. వీడే," అని అత్తయ్య మురిసిపోయింది.

ఒక్క పిల్లాడూ ఊరుకోడట. వీడు ఊరుకున్నాడు. కాలితో నేలను తన్ని చూపించాను, "బుడంకాయ్, చూడు, ఢమ్" అని. వాడు నా కాలిని చూసి నవ్వాడు. పైకి చూడలేదు. మిగతా పిల్లలు పైకి చూస్తారు కదా అని నాకనిపించింది.

అక్కణ్ణుంచి సిస్టర్ల మఠంలోని చాపెల్‌కు వెళ్లాం. చిన్న ప్రార్థన గది, తెల్ల గోడలు, పాత బల్లలు. అత్తయ్య జపమాల తీసుకుని కూర్చుంది. బుడంకాయ మాకు వీపు పెట్టి, బల్లల మధ్య దారిలో కూర్చుని, ఎక్కడో దొరికిన కొవ్వొత్తి ముక్కను దొర్లించుకుంటున్నాడు. మధ్యాహ్నం తలుపులు మూసే వేళకు వెనక ద్వారంలోంచి ముసలి సిస్టరొకరు చేతిగంట ఊపుతూ వచ్చింది. గంట చిన్నదే. మోత మాత్రం సూదిలా ఉంది. బల్లల్లో ఉన్నవాళ్లంతా వెనక్కి తిరిగారు. అత్తయ్య కూడా తిరిగింది. ఆ సిస్టర్ గంట ఊపుకుంటూనే బుడంకాయ వెనకదాకా వచ్చింది.

వాడు కొవ్వొత్తి దొర్లిస్తూనే ఉన్నాడు.

ఆమె అంగీ అంచు కంట పడ్డాకే ఉలిక్కిపడి తలెత్తాడు. ఉన్నట్టుండి ఎవరో ఆకాశంలోంచి ఊడిపడినట్టు బెదిరి ఏడుపు లంకించుకున్నాడు. నేను పరుగెత్తి ఎత్తుకున్నాను. వాడి గుండె నా గుండె మీద టపటపా కొట్టుకుంటోంది. నాదీ అంతే.

"ప్రార్థనలో మునిగినట్టు ఎలా కూర్చున్నాడో చూశావా?" అంటోంది అత్తయ్య. "ఆ గంట వచ్చి చెడగొట్టింది."

గైడు వాణ్ణి చూశాడు, నన్ను చూశాడు, గొడుగు ఇటు చేతిలోంచి అటు చేతిలోకి మార్చుకున్నాడు. వీధిలో అత్తయ్య కాస్త వెనకబడ్డప్పుడు కాలరు దగ్గరి మైకు ఆపి, "చెల్లెమ్మా, బాబు..." అన్నాడు.

"ఏంటన్నా?"

"ఏం లేదు. కింద గుంటలున్నాయి, చూసుకుని నడవండి."

బయటివాడు కూడా చూశాడన్నమాట. ఇన్నాళ్లూ నా భయం నా ఒక్కదానిదే అన్న కోపం ఉండేది. ఇంకొకరి కళ్లలో అది కనిపించేసరికి వాణ్ణి ఇంకాస్త గట్టిగా పట్టుకుని నడిచాను.

సంత వీధి చర్చి ముందే రేకుల కొట్టు. బల్ల మీద గళ్లు గళ్లుగా కట్టిన పళ్లెంలో చేతులు, కాళ్లు, కళ్లు, గుండెలు, అన్నీ పల్చటి తెల్లరేకువి, అన్నింటికీ పైన చిల్లు, రిబ్బను. కొట్టావిడ మాంసం కొట్లో అడిగినట్టు అడిగింది.

"ఏ భాగం కావాలమ్మా?"

"గొంతు," అంది అత్తయ్య. ఒక్కొక్కటీ ఎత్తి వెలుగులో చూసింది. "ఇదేంటి ఇంత సన్నగా ఉంది? మాది మగపిల్లాడు."

"గొంతులో ఆడా మగా ఉండవమ్మా. అందరికీ ఒకటే అచ్చు."

"అయితే అచ్చు సరిగ్గా పడింది ఇవ్వు. దీనికి ఓ పక్క నొక్కుకుపోయింది. ఆయన దాన్ని చూసి నత్తి ఇచ్చాడంటే నువ్వు జవాబు చెబుతావా?"

కొట్టావిడ నవ్వి ఇంకోటి తీసింది. నా చెయ్యి పక్క గడిలోకి వెళ్లిందని నాకు తెలియనే లేదు. నా వేళ్ల మధ్య ఒక చిన్న రేకు చెవి ఉంది. మడతలన్నీ చక్కగా దిద్దారు.

"చెవి కూడా ఇవ్వనా?" అంది కొట్టావిడ.

"వద్దు." టక్కున పెట్టేశాను.

"ఎవరికే చెవి?" అంది అత్తయ్య.

"చూస్తున్నానంతే అత్తయ్యా."

"నాకైతే కొనకు. నా చెవులు బ్రహ్మాండంగా ఉన్నాయి."

కొన్న గొంతును కాగితంలో చుట్టించుకుని చర్చిలోకి నడిచింది. స్వరూపం ఎడమ గోడకుంది. దాని చుట్టూ మేకులకు వందలాది రేకులు తలుపు గాలికి సన్నగా కదులుతున్నాయి. అత్తయ్య సరాసరి అటే వెళ్లబోతే గైడు గొడుగు అడ్డం పెట్టాడు.

"ముందు బిషప్పుల సమాధులు అమ్మగారూ. స్వరూపం చివర. నా వరుస అదీ."

"నీ వరుస తగలెయ్య. నా మోకాళ్లు మెట్లు దిగవు."

"దిగక్కర్లేదు. ఈ రాతి బల్ల మీద కూర్చోండి. నేను దిగి దీపం వేసి చెబుతాను. నేలలోని ఈ జాలీలోంచి చూద్దురుగాని."

ఆయన సమాధుల మెట్లు దిగి కనుమరుగయ్యాడు. అత్తయ్య కూలబడి, చెవి నొప్పి పుడుతోందని స్పీకరును పెట్టెతో సహా తీసి ఒళ్లో పడేసింది. బుడంకాయ పక్కన నిలబడి ఆ తాడు పట్టుకుని ఆడుతున్నాడు. నాయనమ్మ పొద్దుణ్ణుంచీ చెవికి పెట్టుకోవడం చూశాడు కదా, తనూ స్పీకరును రెండు చేతులతో పట్టుకుని చెవికి తగిలించుకున్నాడు. ఒకసారి జారిపోయింది. మళ్లీ పెట్టుకున్నాడు. నేను చూస్తున్నాను కానీ ఏమీ అనుకోలేదు. నా కళ్లు అత్తయ్య చేతిలోని కాగితం పొట్లం మీదున్నాయి.

నా చెవిలో గైడు గొంతు మొదలైంది. "ఈ మెట్ల కింద పదకొండు మంది బిషప్పులు నిద్రిస్తున్నారు. వారిలో మొదటివారు..."

బుడంకాయ కొయ్యబారిపోయాడు.

తాడు మీది చెయ్యి అలాగే ఆగిపోయింది. కళ్లు పెద్దవయ్యాయి. తల మెల్లగా ఒక పక్కకు వంచాడు. తర్వాత నాయనమ్మ నోటి వైపు చూశాడు. ఆ నోరు మూసే ఉంది. నా నోటి వైపు చూశాడు.

నేను గబగబా జాలీ దగ్గరికి వెళ్లి కిందికి వంగాను. "అన్నా, ఆపండి."

"ఏమైంది చెల్లెమ్మా?"

"ఆపండి. మాట్లాడకండి."

"ఆపితే నాకు మళ్లీ మొదటి నుంచి రావాలమ్మా. మధ్యలో నుంచి నాకు రాదు."

"ఆగండి. నేను చెప్పినప్పుడు మొదటి నుంచే చెప్పండి."

వెనక్కి వచ్చి చూశాను. వాడు స్పీకరును వేళ్లతో తడుతున్నాడు. పోయిందేమోనని చూసుకుంటున్నట్టు. జాలీ వైపు చెయ్యి ఊపాను.

"ఈ మెట్ల కింద పదకొండు మంది బిషప్పులు..."

మళ్లీ కొయ్యబారాడు. ఈసారి పెదాలు విడిపోయాయి, నవ్వు మొదలైంది. ఆపమన్నాను. నవ్వు ఆగిపోయింది. మళ్లీ చెప్పమన్నాను. పదకొండు మంది బిషప్పులూ మళ్లీ నిద్రపోయారు, వీడు మళ్లీ నవ్వాడు. ఇక్కడ పళ్లెం లేదు, నీడ లేదు, అదిరే నేల లేదు. మనిషే కనబడడం లేదు.

"ఏం ఆటే ఇది? ఆయన్ని పని చేసుకోనివ్వు," అంటూనే అత్తయ్య నా మొహం చూసి ఆగింది. తర్వాత వాణ్ణి చూసింది. గైడు ఆపాడు, మొదలుపెట్టాడు, ఆపాడు. అత్తయ్య ప్రతిసారీ వాడి మొహమే చూస్తోంది. చివరికి వాడి చెవి నుంచి స్పీకరు మెల్లగా తీసి తన చెవికి పెట్టుకుంది. వాడు గొల్లుమని ఏడ్చి దానికోసం ఎగబాకాడు.

"ఇది ఫుల్లులో ఉంది కదా," అంది.

"అవునత్తయ్యా. మీకు పెట్టిందే."

"ఇంత పెడితేగానీ నాకు..." అని మధ్యలో ఆపేసింది. స్పీకరును తిరిగి వాడి చెవికి తగిలించింది. అది సరిగ్గా కూర్చునేదాకా ఆమె వేళ్లు అక్కడే ఉన్నాయి.

గైడు పైకొచ్చాడు. మమ్మల్ని చూసి, కాలరు నుంచి మైకు తీసి నా చేతిలో పెట్టాడు. రూలు సంగతి ఎత్తలేదు.

నేను వాడి వెనక్కి వెళ్లి నిలబడ్డాను. మూడేళ్లుగా రోజంతా వాడితో వాగుతూనే ఉన్నాను, ఇప్పుడేమో ఏం అనాలో తోచడం లేదు. చివరికి వచ్చిందేదో అన్నాను.

"బుడంకాయ్."

వాడు విన్నాడు. వాడి మెడ కదిలింది. ముందు జాలీ వైపు చూశాడు, గైడు అటునుంచే పైకొచ్చాడని కాబోలు. తర్వాత నాయనమ్మను చూశాడు. గైడును చూశాడు. స్వరూపాన్ని కూడా చూశాడు. నా వైపు తిరగలేదు.

ఆ గొంతు నాదని వాడికి తెలియదు.

ఏడవడానికి అది చోటు కాదు, సమయమూ కాదు. ముందుకొచ్చి వాడి ఎదురుగా మోకాళ్ల మీద కూర్చున్నాను. నా నోరు కనబడేలా మళ్లీ అన్నాను. "బుడంకాయ్. అమ్మ. అమ్మని." వాడు నా పెదాలను చూశాడు. చెయ్యి చాపి వేళ్లు నా నోటి మీద పెట్టాడు. నేను అంటున్నంతసేపూ తియ్యలేదు.

అత్తయ్య లేచింది. పొట్లం విప్పి రేకు గొంతు చేతిలోకి తీసుకుని స్వరూపం దగ్గరికి నడిచింది. ఖాళీ మేకు ఒకటి ఆమె భుజం ఎత్తున ఉంది. రిబ్బను దాని దాకా తీసుకెళ్లి అక్కడే ఆగింది. చాలాసేపు నిలబడింది. పునీతుడితో ఏం మాట్లాడుకుందో నాకు తెలియదు. ఆమె గుసగుసలు మాకెప్పుడూ గట్టిగానే వినిపించేవి, ఆ ఒక్కసారి వినిపించలేదు.

తిరిగొచ్చి గొంతును మళ్లీ కాగితంలో చుట్టి సంచి అడుగున పెట్టుకుంది.

"రేపు డాక్టరు ఉంటాడా?" అంది.

"ఉంటాడత్తయ్యా. మీ అబ్బాయిని అడగాలి, వ్యాను సెలవు..."

"అడగడమేంటి? నేను చెబుతాను, వాడు వస్తాడు." కాస్త ఆగి, "మా అమ్మ చెప్పింది రేకు తగిలించాక సంగతి. నేనింకా తగిలించలేదు," అంది.

"డాక్టరు ఏం చెబుతాడోనని భయంగా ఉందత్తయ్యా. ఇంత మోత పెడితేగానీ వినబడలేదంటే, మరి..."

"నాకు మాత్రం లేదా?"

అంతకు మించి ధైర్యం చెప్పలేదు. చెబితే నేను నమ్మేదాన్నీ కాదు.

బయట ఎండ వాలింది. కొట్టావిడ రేకులు సర్దుకుంటూ, "తగిలించారా అమ్మా?" అని అడిగింది. అత్తయ్య వినబడనట్టే నడిచిపోయింది. నిజంగానే వినబడలేదేమో.

బుడంకాయ చెవి నుంచి స్పీకరు తియ్యనివ్వలేదు. మైకు మళ్లీ కాలరుకు పెట్టుకున్న గైడు తిరుగుదారిలో బిషప్పులను వదిలేసి, "కుక్క. సైకిలు. అరుగో పావురాలు," అంటూ గొడుగుతో చూపిస్తూ ముందు నడిచాడు. వాడు ఒక చేత్తో చెవి, ఇంకో చేత్తో నా వేలు పట్టుకుని ఆగుతూ ఆగుతూ నడిచాడు. బస్టాపు దగ్గరికి వచ్చేసరికి గైడు పెదాలు కదులుతున్నా వాడు చుట్టూ చూడడం మానేశాడు. పెట్టెను ఊపాడు. తట్టాడు. దాని మీది ఎర్ర దీపం ఆరిపోయింది.

"బ్యాటరీ అయిపోయిందమ్మా," అన్నాడు గైడు తన తప్పేదో ఉన్నట్టు.

వాడు ఆ పెట్టెను తీసి నా చేతిలో పెట్టి, నా నోటి మీద వేలు పెట్టాడు. ఎదురుచూస్తున్నాడు. రేపు డాక్టరు ఏం చెబుతాడో, ఇలాంటి పెట్టె ఒకటి వాడికి సొంతంగా దొరుకుతుందో లేదో, దొరికినా సరిపోతుందో లేదో, ఏదీ నాకు తెలియదు. వంగి వాడి చెవికి నోరు ఆనించి పేరు పెట్టి పిలిచాను. పక్కన నిలబడ్డ వాళ్లు చూస్తారేమోనన్న జంకుతో నా గొంతు నాకే తక్కువగా వినిపించింది.

వెనక నుంచి అత్తయ్య నా భుజం తట్టింది.

"గొణక్కే," అంది. "గట్టిగా చెప్పు."